కార్డు కొట్టిన తర్వాత

మేనేజరు ఆ హాజరు కార్డును బల్లమీద పెట్టి, పేకాటలో ఆఖరి ముక్క దించినవాడిలా రెండు వేళ్లతో ఆమె వైపు జరిపాడు.

“చూసుకోండమ్మా. సాయంత్రం గంట కొట్టగానే కార్డు కొట్టేశాడు. అంటే డ్యూటీ దిగిపోయినట్టే. ఆ తర్వాత జరిగినదానికీ కంపెనీకీ సంబంధం లేదు. నాకు మాత్రం బాధగా ఉండదా? కానీ ఏం చెయ్యను, కార్డు నా మాటా వినదు, మీ మాటా వినదు.”

అట్టముక్క అది. మూలలు మెత్తబడి, అంచుల్లో సబ్బు మరకలతో ఉంది. ఆఖరి గడిలో ఊదారంగు అంకెలు పడ్డాయి. ఆ కింద గడులన్నీ ఖాళీ. ఆమె చూపు ఆ ఖాళీ గడుల మీదే ఆగిపోయింది.

ఊళ్లోని ఆసుపత్రుల దుప్పట్లూ హోటళ్ల తువ్వాళ్లూ అన్నీ ఈ లాండ్రీకే వస్తాయి. ఆమె భర్త ఇక్కడ ఆరబెట్టే మిషను మీద పనిచేసేవాడు. పోయిన వారం ఒక సాయంత్రం, ఆ మిషను వెనక కరెంటు కొట్టి పోయాడు. పనిలో ఉండగా పోతే ఇంటివాళ్లకు కంపెనీ పరిహారం ఇవ్వాలి, ఇంట్లో ఒకరికి ఉద్యోగం ఇవ్వాలి. అది అడగడానికే ఆమె వచ్చింది. మేనేజరు ఇస్తానంటున్నది ఆ నెల జీతమూ, దాచుకున్న ఫండూ. అవి భర్త ఎలాగూ సంపాదించి పెట్టుకున్నవే.

“డ్యూటీ దిగినవాడికి మిషను వెనక ఏం పనండీ?” అంది ఆమె.

మేనేజరు పక్క బల్ల దగ్గరున్న గుమాస్తా వైపు చూశాడు. గుమాస్తా తల దించుకుని పెన్ను మూతతో చెవి గోక్కున్నాడు.

“అదే మేమూ అనుకుంటున్నాం. కొంతమంది ఇంటినుంచి సొంత బట్టలు తెచ్చుకుని ఇక్కడ ఆరబెట్టుకుంటూ ఉంటారమ్మా. ముసురు రోజులు కదా. పోయినవాడి మీద మాట పడటం నాకిష్టం లేదు. అందుకే అదంతా కాగితం మీద పెట్టలేదు. మీరూ పెట్టించుకోకండి.”

ఆ ఆఖరి మాట చాలా మెత్తగా అన్నాడు. మేలు చేస్తున్నవాడి గొంతు. ఆమెకు అరికాలినుంచి మంట లేచింది. నోరు తెరిస్తే ఏడుపు వస్తుంది. వీడి ముందు ఏడవటం కంటే ఊపిరి బిగబట్టుకోవడం నయం.

గుమాస్తా సంతకం కోసం కాగితం తెచ్చి, పెన్ను మూత తీసి మరీ అందించాడు. ఆమె ఆ మూతను అతని చేతిలోంచి తీసుకుని, తిరిగి పెన్నుకు పెట్టి, బల్లమీద ఉంచింది.

“అత్తయ్యతో మాట్లాడి చెప్తాను,” అని లేచింది.

“తొందరేం లేదమ్మా. తాపీగా ఆలోచించుకోండి,” అన్నాడు మేనేజరు, అప్పటికే ఫోను అందుకుంటూ.

*

అత్తగారు కిటికీ వెలుతురుకు వీపు పెట్టి కూర్చుని చొక్కాలకు గుండీలు కుడుతోంది. కాజాలు కోడలి పని, గుండీలు ఆవిడ పని. దుకాణంవాడు రేపు సాయంత్రానికి కావాలన్న చొక్కాలు గోడవారన కుప్పగా ఉన్నాయి. చావొచ్చినా పండగొచ్చినా కాజాలు ఆగవు.

కోడలు చెప్పిందంతా విని ఆవిడ సూది గుడ్డకు గుచ్చి పక్కన పెట్టింది.

“దొంగ అన్నాడా?”

“అనలేదు. అనకుండానే అన్నాడు.”

“వాడి నాలుకమీద నూగు పేరుకుపోను. చిల్లు బనీను కుట్టుకు తొడుక్కునేవాడే గాని, కంపెనీ సబ్బు ముక్క కూడా ఇంటికి తేలేదు నా కొడుకు. వాడు తెచ్చిందల్లా చెవుల్లో ఇంత దూది.”

అది నిజమే. రోజూ కనుబొమల మీదా చెవుల అంచుల్లోనూ తెల్లటి నూగు అంటించుకుని వచ్చేవాడు. చొక్కా కుట్లలో ఇరుక్కున్న నూగును ఆమె సూదిమొనతో లాగితే దారంలా సాగి వచ్చేది. ఆరే బట్టలు రాల్చే ఆ నూగంతా మిషను వెనక జల్లెడలో పేరుకుంటుంది. ప్రతి షిఫ్టు చివరా బ్రష్షుతో దాన్ని ఊడ్చి తీయకపోతే మిషను వేడెక్కి నిప్పంటుకుంటుంది. తీసేటప్పుడు కరెంటు మెయిన్ ఆపాలి. ఆపితే రాత్రి షిఫ్టుకు మళ్లీ వేడెక్కడానికి ఆలస్యమవుతుందని ఆపనివ్వరు.

ఈ నూగు తీసే పనికి జీతం లేదు. గంట కొట్టగానే అందరి కార్డులూ పడిపోవాలి, ఊడ్చుకునే పని ఆ తర్వాత చేసుకోవాలి. ఎవరూ అలా చెయ్యమని చెప్పరు, ఎవరూ వద్దనరు. కార్డు మిషను దగ్గర బారెడు వరస. బయట కంపెనీ బస్సు హారను. అందుకని ఇద్దరిద్దరు జట్టు కట్టారు. ఒకడు రెండు కార్డులూ పట్టుకుని వరసలో నిలబడతాడు, ఇంకొకడు నూగు తీస్తాడు. మర్నాడు వాడు వరసలో, వీడు నూగులో. ఆమె భర్తకు జట్టు నిచ్చెన. పొడుగ్గా ఉంటాడని ఆ పేరు పెట్టారు. పెట్టింది అత్తగారే.

“మరి నిచ్చెన ఏమన్నాడు? కార్డు కొట్టింది వాడేగా?”

“గేటు దాకా ఇద్దరం కలిసే వచ్చాం, మళ్లీ లోపలికి ఎందుకు వెళ్లాడో తెలియదు అన్నాడట. పోలీసులకూ అదే చెప్పాడు, మేనేజరుకూ అదే చెప్పాడు.”

“ఏ నిచ్చెన? మనింట్లో ఇన్నేళ్లు తిన్న నిచ్చెనేనా?”

“ఆ నిచ్చెనే.”

అత్తగారు గుండీల డబ్బా దగ్గరికి లాక్కుంది. అంత నోరున్న మనిషి ఏమీ అనకుండా గుండీలు ఏరుకుంటుంటే ఇల్లంతా బోసిగా అనిపించింది. కోడలు చొక్కా ఒళ్లో వేసుకుని కాజా మొదలుపెట్టింది. ఒక్కొక్క ముడీ చర్మం తెగేలా బిగించి లాగింది. మేనేజర్ని వదలకూడదు. నిచ్చెన్ని అసలే వదలకూడదు. మేనేజరు పరాయివాడు. వీడు ‘చెల్లెమ్మా’ అని పిలిచి అన్నం పెట్టించుకున్నవాడు.

దారం కొస పళ్లతో పుటుక్కున కొరికింది.

*

కార్మిక శాఖ ఆఫీసులో అధికారిణికి జలుబు. ముక్కుకు రుమాలు అడ్డం పెట్టుకునే అర్జీ అంతా చదివింది.

“మీరు చెప్పేది నమ్మొచ్చు. నేను నమ్మితే చాలదుగా. కార్డు ఇంకోలా చెప్తోంది. ఆ కార్డు కొట్టినతను వచ్చి, నేనే కొట్టాను, అప్పటికి అతను లోపల పనిలో ఉన్నాడు అని చెప్పాలి. చెప్తాడా?”

“చెప్తాడు.”

“ఒకరి కార్డు ఇంకొకరు కొడితే ఉద్యోగంలోంచి తీసేస్తారు. అది తెలుసా మీకు?”

“తెలుసండీ.”

అధికారిణి రుమాలు దించి ఆమెను ఒకసారి పరీక్షగా చూసింది. తర్వాత విచారణకు శుక్రవారం అని రాసిచ్చింది.

*

నిచ్చెన ఇల్లు మేడమీద. మెట్లు బయటినుంచే. ఆమె తలుపు తట్టేసరికి లోపల నీళ్ల చప్పుడు మొదలైంది.

నిచ్చెన భార్య తలుపు సగమే తెరిచింది. ఆవిడా అదే లాండ్రీలో దుప్పట్లు మడతపెట్టే బల్ల దగ్గర పనిచేస్తుంది. వేళ్ల చివర్లు వేడి గుడ్డకు కాలి కాలి నున్నగా, ముడతల్లేకుండా ఉంటాయి.

“మీ అన్నయ్య స్నానం చేస్తున్నారు,” అంది.

“చెయ్యనీ వదినా. నేనిక్కడ కూర్చుంటాను.”

ఆమె పైమెట్టు మీద కూర్చుని సంచిలోంచి చొక్కా తీసి కాజా కుట్టడం మొదలుపెట్టింది. పనుల నుంచి తిరిగొచ్చే వేళ అది. పక్కవాటాల వాళ్లు ఎక్కుతూ దిగుతూ ఒళ్లు పక్కకు తిప్పుకుని దారి చేసుకోవాల్సి వచ్చింది.

“ఏమ్మా, ఇక్కడ కూర్చున్నావ్?”

“మా అన్నయ్యను ఒక మాట అడగాలండీ. స్నానం చేస్తున్నాడు.”

నీళ్లు అలా పోతూనే ఉన్నాయి. కిందింటి పెద్దాయన పైకి తొంగిచూసి, “టాంకీ ఖాళీ అవుతోంది, ఎవరయ్యా అది?” అని కేకేశాడు.

“లాండ్రీ మనిషి కదా వదినా, అలవాటు పోదు,” అంది ఆమె తలుపు వైపు తిరిగి, నలుగురికీ వినపడేటట్టు. “ఎంత ఉతికినా ఆ మరక అక్కడ పోయేది కాదని చెప్పు.”

లోపల నీళ్లు ఆగిపోయాయి. మనిషి మాత్రం బయటికి రాలేదు. చీకటి పడబోతుంటే ఆమె చొక్కా మడిచి ఇంటికి వెళ్లిపోయింది.

మర్నాడూ అంతే. ఈసారి అన్నయ్య నిద్రపోతున్నాడు. ఆమె గొంతెత్తలేదు, తిట్టలేదు, కన్నీళ్లు పెట్టలేదు. వచ్చేపోయే వాళ్లు అడిగితే మాత్రం నవ్వు మొహంతోనే జవాబు చెప్పింది. “మా ఆయన కార్డు అన్నయ్య చేతిలో ఉండిపోయిందండీ. అది ఎప్పుడిచ్చాడో, ఏమని చెప్పి ఇచ్చాడో కనుక్కుందామని.” అప్పటికి ఆ మేడంతటికీ కథ తెలిసిపోయింది. లాండ్రీలో పనిచేసేవాళ్లు ఆ వాటాల్లో ఇంకా ఉన్నారు. వాళ్లు మెట్లమీద ఆమె పక్కనుంచి వెళ్లేటప్పుడు చెప్పుల చప్పుడు కాకుండా నడిచారు.

వెళ్లబోతుంటే వదిన తలుపు పూర్తిగా తెరుచుకుని బయటికొచ్చింది.

“ఇలా మా పరువు బజార్లో పెడితే నీ మొగుడు తిరిగొస్తాడా?”

“రాడు.”

“మరెందుకు మమ్మల్ని ఇలా కాల్చుకు తింటున్నావ్? నోరు తెరిస్తే ఈయన ఉద్యోగం పోతుంది. తెలుసా?”

“తెలుసు వదినా.”

“తెలిసే?”

“తెలిసే. మేనేజరు మా ఆయన్ని దొంగని చేశాడు. మీ ఆయన నోరు మూసుకుని ఆ దొంగతనానికి తాళం వేశాడు. మా ఇల్లు మునిగాక మీ ఇల్లు పొడిగా ఎందుకుండాలి?”

వదిన మొహం పాలిపోయింది. ఈ చెల్లెమ్మ నోట్లోంచి ఇలాంటి మాట వస్తుందని ఆవిడ అనుకుని ఉండదు. మెట్లు దిగుతుంటే ఆమెకు గుండెల్లో చల్లగా అనిపించింది. వారం రోజుల్లో మొదటిసారి ఆ రాత్రి ఆకలేసింది.

*

గురువారం సాయంత్రం అత్తగారు చెప్పులేసుకుంది.

“నేనూ వస్తాను.”

“మీరెందుకు అత్తయ్యా, మెట్లున్నాయి.”

“నిచ్చెన ఎక్కడానికి మెట్లుండక ఏముంటాయే. పద.”

ఆవిడ వస్తోందని మేడంతా ఎలా తెలిసిందో గాని, వీళ్లు వెళ్లేసరికి వసారాల్లో జనం. ఆవిడ నోటి సంగతి తెలిసినవాళ్లు పిల్లల్ని లోపలికి పంపి, తాము మాత్రం బట్టలు తీస్తున్నట్టూ కుండీలకు నీళ్లు పోస్తున్నట్టూ నిలబడ్డారు. కోడలు కూడా అందుకే ఎదురుచూసింది. తను అనలేనివన్నీ ఇవాళ ఆవిడ అంటుంది. నిచ్చెన చెవులు తూట్లు పడాలి.

ముసలావిడ ఆయాసపడుతూ పైమెట్టు మీద కూలబడి, తలుపుకు చెయ్యి ఆనించింది.

“ఒరే నిచ్చెనా. నేన్రా.”

ఆవిడ తలుపుకు ఇంకా దగ్గరికి జరిగింది.

“తిట్టడానికి రాలేదు. ఒక్క సంగతి చెప్పు, పోతాను. వాడికి అప్పుడు చేతులు తడిగా ఉన్నాయట్రా? చిన్నప్పటినుంచీ అంతే, తుడుచుకోడు. ఎన్నిసార్లు చెప్పినా చేతులు దులిపి వచ్చేసేవాడు. తడిచేతుల్తో ముట్టుకున్నాడా? అది తెలిస్తే చాలు నాకు. రోజూ అదే అనుకుంటూ పడుకుంటున్నాను.”

వసారాలో నీళ్లు పోస్తున్న చెయ్యి ఆగిపోయింది.

తలుపు తెరుచుకుంది. నిచ్చెన ద్వారానికి తల తగలకుండా వంగి బయటికి వచ్చాడు. వచ్చి ఇక నిటారుగా నిలబడలేక, అలాగే గోడకు జారి కింద కూర్చున్నాడు. అంత పొడుగు మనిషి మోకాళ్లు గడ్డానికి తగిలాయి.

“లేదమ్మా. పొడిగానే ఉన్నాయి. తుడుచుకున్నాడు. నా భుజంమీద తువ్వాలు లాక్కుని తుడుచుకుని, కార్డు నా జేబులో పెట్టి, ‘బస్సు ఆపు, వస్తున్నా’ అన్నాడు. వైరు తెగి ఉందమ్మా. జల్లెడ చట్రానికి తగులుతోంది. మెయిన్ ఆపి ఉంటే ఏమీ అయ్యేది కాదు. నేను బస్సు మెట్టుమీద ఒక కాలు పెట్టి ఆపుతున్నాను. డ్రైవరు తిడుతున్నాడు. నేనింకా వీడు రాలేదేమని వీణ్ణి తిట్టుకుంటున్నాను.”

“తుడుచుకున్నాడా,” అంది ముసలావిడ. ఇంకోసారి, “తుడుచుకున్నాడట,” అని కోడలితో అంది.

నిచ్చెన చేతుల్లో మొహం పెట్టుకుని ఏడ్చాడు. వదిన తలుపు దగ్గరే నిలబడి ఉంది. కోడలు ఆ ఏడుపును ఆసాంతం చూసింది. జాలి వస్తుందేమోనని లోపల వెతుక్కుంది. రాలేదు.

“రేపు పదింటికి అన్నయ్యా. ఇప్పుడు చెప్పినట్టే చెప్పు,” అంది.

*

విచారణ గదిలో పంకా తిరుగుతుంటే కాగితాలు ఎగిరిపోతున్నాయని అధికారిణి దాన్ని ఆపించింది. మేనేజరు చొక్కా కాలరు చెమటకు మెత్తబడింది. నిచ్చెనను చూడగానే అతను ముందు నమ్మలేదు. తర్వాత నవ్వాడు.

“నువ్వా? బాగా ఆలోచించుకునే వచ్చావా?”

“వచ్చాను సార్.”

చెప్పాడు. అడిగినంతవరకే, మెల్లగా, నేలకేసి చూస్తూ చెప్పాడు. మేనేజరు మధ్యలో అందుకున్నాడు.

“అంటే ఇంకొకడి కార్డు నీ చేత్తో కొట్టానని ఒప్పుకుంటున్నావ్. అది నేరమని తెలీదా?”

“తెలుసు సార్. గోడమీద రాసుంది. దాని కిందే నిలబడి కొడతాం.”

అధికారిణి రాయడం ఆపి తలెత్తింది. “ఎంతమంది కొడతారు?”

“నేను నా సంగతే చెప్తాను మేడమ్.”

“గంట కొట్టాక లోపల ఉండి నూగు తీయమని ఎవరు చెప్పారు?”

నిచ్చెన మేనేజరు వైపు చూశాడు. ఆమె కూడా చూసింది. ఆ మొహంలో ఎక్కడ మొదట రంగు మారుతుందా అని కన్నార్పకుండా చూసింది.

“ఎవరూ చెప్పరు మేడమ్. లైట్లు మాత్రం ఆపరు.”

“అతను సొంత బట్టలు ఆరబెట్టుకోవడానికి లోపల ఉన్నాడేమోనని వీళ్ల అనుమానం.”

“వాడి దగ్గర బట్టలేమీ లేవు మేడమ్. ఒంటిమీద యూనిఫారం, చేతిలో బ్రష్షు. వాణ్ణి బయటికి మోసింది నేనే. వేళ్లు విప్పి ఆ బ్రష్షు తీసింది కూడా నేనే. అది కంపెనీ బ్రష్షు.”

మేనేజరు నీళ్ల గ్లాసు కోసం చెయ్యి చాపాడు. గ్లాసు ఖాళీగా ఉంది. అయినా ఎత్తి నోటిదాకా తీసుకెళ్లి, దించాడు. ఆమెకు కావలసింది దొరికింది. జీతం కాదు, ఫండు కాదు, ఆ ఖాళీ గ్లాసు. జన్మంతా గుర్తుపెట్టుకునేంత కసితీరా చూసుకుంది.

అధికారిణి పరిహారమూ ఉద్యోగమూ ఇవ్వాలని రాసింది. కంపెనీవాళ్లు సంతకం పెట్టారు. అదే సాయంత్రం నిచ్చెనను పనిలోంచి తీసేస్తూ కాగితం ఇచ్చారు. దానికీ మేనేజరే సంతకం పెట్టాడు.

ఇంటికెళ్లి చెప్తే అత్తగారు, “కడుపు చల్లబడిందా?” అని అడిగింది.

“సగం,” అంది కోడలు.

*

ఆమెను మడతల బల్ల దగ్గర వేశారు. ఎక్కడ వెయ్యాలో మేనేజరే చెప్పాడని షిఫ్టు ఇన్‌చార్జి అన్నాడు. “మీ ఇద్దరికీ ముందే పరిచయం కదా, తేలిగ్గా ఉంటుందన్నారు సారు.”

బల్లకు అవతల వదిన నిలబడి ఉంది.

దుప్పటి మడత ఒక్కరివల్ల అయ్యే పని కాదు. ఇద్దరు చెరో వైపూ కొసలు పట్టుకుని, ఒకసారి విదిలించి, గుడ్డ తీగలా సాగేదాకా లాగి, సగానికి మడిచి, ఎదురెదురుగా నడిచి వచ్చి కొసలు కొసల్లో పెట్టాలి. ఒకరు తీసుకుంటారు, ఇంకొకరు వంగి కింద మడత అందుకుంటారు. మళ్లీ నడుస్తారు. వేళ్లకు వేళ్లు తగలకుండా ఆ పని చెయ్యడం ఎవరివల్లా కాదు.

వదిన మొదటి దుప్పటి విదిలించిన విదిలింపుకు కొసలు ఆమె చేతుల్లోంచి జారి నేలమీద పడ్డాయి. నేల ముట్టిన గుడ్డ మళ్లీ ఉతుక్కి వెయ్యాలి. రెండోది పడకుండా పట్టుకుంది గాని, వేడి అంచు వేళ్ల సందుల్లో చురుక్కుమని కోసింది. పక్క బల్ల దగ్గరి ముక్కుపుల్ల మనిషి, “కొత్తమ్మాయీ, పిడికిలి బిగించు. అవతల ఉన్నది వదిన,” అంది. బల్లల దగ్గర కిసుక్కుమన్నారు. వదిన నవ్వలేదు.

మధ్యాహ్నానికి ఆమె వేళ్లు బొబ్బలెక్కాయి. ఇటువైపు నుంచి తనూ అంతే గట్టిగా లాగింది. ఒకసారి వదిన ఒక అడుగు ముందుకు తూలింది. నిలదొక్కుకుని ఏమీ అనకుండా ఇంకా గట్టిగా లాగింది. దుప్పట్లు మాత్రం ఆ రోజు గీత గీసినట్టు మడతపడ్డాయి. ఎదురెదురుగా నడిచి వచ్చినప్పుడల్లా వదిన ఊపిరి మొహానికి తగిలేది. ఆ కళ్లు ఆమెకు కొత్త కాదు. ఈ మధ్య అద్దంలో రోజూ చూస్తున్నవే.

“అన్నయ్య ఎలా ఉన్నాడు?” అంది ఒక నడకలో.

“స్నానం చేస్తున్నాడు,” అంది వదిన ఇంకో నడకలో.

సాయంత్రం గంట కొట్టింది. మిగతావాళ్లు ఎవరి కార్డు వాళ్లు తీసుకుని వరసలో నిలబడ్డారు. జట్లు పోయాయి. విచారణ తర్వాత మేనేజరు దగ్గరుండి మరీ ఆ మార్పు చేయించాడు. అంతకుమించి ఏమీ మారలేదు. బల్లల మీద దుప్పట్ల కుప్పలు అలాగే ఉన్నాయి. ఇన్‌చార్జి చప్పట్లు కొడుతూ వచ్చాడు.

“పదండి, పదండి. ఎవరిది వాళ్లు కొట్టేసి వచ్చి ఈ కాస్తా మడత పెట్టేయండి. ఆసుపత్రి బండి వచ్చేస్తుంది.”

వదిన అప్పుడే కొత్త దుప్పటి విదిలించింది. ఆమె కొసలు పట్టుకునే ఉంది.

“పనయ్యాక కొడతానండీ,” అంది.

“కొట్టి వచ్చి చెయ్యమ్మా. ఏదైతేనేం?”

“ఏదైతేనేం అంటే, చేసి వెళ్లి కొడతాను.”

ఇన్‌చార్జి అయోమయంగా చూసి, మేనేజరు కూర్చునే అద్దాల గదిలోకి వెళ్లాడు. మేనేజరు వచ్చాడు. ఆమెతో మాట్లాడలేదు. ఆమె అక్కడ లేనట్టే, వదిన పక్కకు వెళ్లి మెల్లగా, మంచిగా అన్నాడు.

“నువ్వు వెళ్లి కొట్టమ్మా. ఇప్పుడు మీ ఇంట్లో ఉన్నది ఒక్క జీతమే కదా.”

ఆ గొంతు ఆమెకు తెలుసు. కాగితం మీద పెట్టలేదమ్మా అన్న గొంతే. ఇక వదిన కొస వదిలేస్తుందనుకుంది. వదిలేస్తే తను చెయ్యగలిగింది ఏమీ లేదు. ఒక్క చేతిమీద దుప్పటి మడత పడదు. వదిన వదిలితే తప్పనడానికీ తనకు నోరు లేదు. ఆ ఇంటి రెండు జీతాలను ఒక్కటి చేసింది తనే. వరసలో ఉన్నవాళ్లు కార్డులు చేతిలో పట్టుకుని ఇటే చూస్తున్నారు.

వదిన మేనేజరు వైపు చూసింది. దుప్పటి మీదుగా ఆమె వైపు చూసింది.

“చేతిలో పని ఉంది సార్,” అంది.

దుప్పటి సగానికి మడిచి, నడిచి వచ్చింది. కొసలు ఆమె చేతుల్లో పెడుతూ, పెదవులు కదలకుండా, “ఇది నీ కోసం కాదు,” అంది.

“తెలుసు.”

“నిన్ను చచ్చినా క్షమించను.”

“వద్దు. క్షమించకు వదినా.”

“మూల సరిగ్గా పట్టుకో. వంకరపోతోంది.”

ఆమె మూల సరిచేసుకుంది. వదిన వంగి కింద మడత అందుకుంది. ఒక దుప్పటి బల్లమీద పడింది. ఇంకొకటి తీశారు. తొందరేమీ పడలేదు. గుడ్డ తీగలా సాగేదాకా లాగి, అంచుకు అంచు కలిపి, మధ్యలో చేత్తో రెండుసార్లు నిమిరి, తాపీగా మడిచారు. బయట బస్సు హారను కొట్టింది. వరసలోంచి ముక్కుపుల్ల మనిషి మొదట కదిలింది. కార్డు జాకెట్టులో దోపుకుంటూ తన బల్ల దగ్గరికి నడిచింది. ఆవిడ బల్లకు అవతల నిలబడే మనిషి కాసేపు అటూ ఇటూ చూసి వెనకే వెళ్లింది.

మేనేజరు కార్డు మిషను పక్కన నిలబడ్డాడు. అతని తలమీద గడియారం జీతం లెక్కన తిరుగుతోంది. వదిన తరవాతి దుప్పటి తీసి విదిలించింది. కొస జారకుండా ఆమె పిడికిలి బిగించింది.